పాపమ్మ ఇంటి కూడిక

అబద్ధమాడిన మనిషిని నేను. ముందుగాల్నే చెప్తున్న. ఎనుక ఇంకెవరో చెవుల ఊదితే వినేకంటే నా నోటితోనే వినున్రి. మా సంఘంల ఎవరినడిగినా చెప్తరు, నాచారం పాపమ్మనా, చర్చిల నిలబడి దొంగ సాక్ష్యం చెప్పినామెనే గదా అని. చెప్పిన. కాదంటలేను. కాని ఎందుకు చెప్పిన్నో అడిగినోళ్ళు లేరు. అడగకున్నా చెప్త, నాకెవరి భయం.

మాది భువనగిరి దిక్కు. ఈడ నాచారంల ఫ్యాక్టరీలు లేస్తున్న కాలంల నా పెనిమిటి ఆశీర్వాదం, నేను ఇద్దరం ఇటుక పనికొచ్చినం. ఆయన జరమొచ్చి మూడు దినాలల్ల పాయె. పిల్లలు కాలే. ఆయన గోడలు కట్టిన బిస్కెట్ల ఫ్యాక్టరీల్నే నాకు ప్యాకింగు పని దొరికింది. నేను చెప్పే ముచ్చట నాటికి ఆయన పోయి పదకొండేండ్లు. పొద్దుగాల ఏడింటికి పోతే సాయంత్రం నాలుగింటికి సైరన్. ఆ మిషన్ల మోతల పక్కన నిలబడ్డదాని మాట గూడ వినరాదు. ఇంటికొస్తే ఒక్క అర్ర, ఒక్క పొయ్యి, నేను. ఇంటి ఓనరు సత్యవేణమ్మ కోస్తా నుంచొచ్చినామె, మంచిదే, కాని నాతోని మాట్లాడేది నల్లా గురించే. పాపమ్మగారూ, నీళ్ళు వచ్చాయండీ అంటది. నీళ్ళు పోయాయండీ అంటది. అయిపాయె ముచ్చట.

శనివారం ఇంటికొచ్చి తలుపేసుకున్ననంటే ఆదివారం చర్చిల వందనాలు చెప్పేదాంక నోట్లకెల్లి మాట రాకపోతుండె. ఆ వందనాలు చెప్పేటప్పుడు గొంతు పూడుకపోయి ఉంటుండె. ముందుగాల దగ్గి, తర్వాత చెప్తుంటి. పాపమ్మక్కకు ఎప్పుడూ పడిశమే అని నవ్వుకునేటోళ్ళు. పడిశం కాదు, ఏం కాదు. మాట్లాడక గొంతు పట్టేసింది, గంతే.

మా సంఘంల బుధారం బుధారం ఒకరింట్ల కూడిక. ఈ వారం ఉప్పల్ల ఒకరింట్ల, వచ్చే వారం చిల్కానగర్ల ఇంకొకరింట్ల, గట్ల వంతు. చాపలు పరుస్తరు, పాటలు పాడ్తరు, సామ్యేలు అయ్యగారు వాక్యం చెప్తరు, ఆ ఇంటోళ్ళ కొరకు అందరు మోకాళ్ళ మీద ప్రార్థన చేస్తరు, ఆఖరికి ఏదో ఇంత తిని పోతరు. వంతుల లిస్టు రాసేది రూతమ్మ, సంఘం పెద్ద భార్య. నేను ఈ సంఘంల చేరిన ఏడేండ్లల్ల ఆ లిస్టుల నా పేరు రాలే. అది కుటుంబాల లిస్టు. నేను కుటుంబం కాదు. ఒకపారి సిగ్గిడిసి అడిగిన. నీకెందుకక్కా శ్రమ, ఒక్కదానివి, చిన్న అర్ర, గంత మంది యాడ కూసుంటరు అన్నది. మంచిగనే అన్నది, నా చెయ్యి పట్టుకోని అన్నది. చిన్న అర్ర అయితే చిన్నగ పాడున్రి అని నోటిదాంక వచ్చింది. మింగిన. ఆమె ఇడిసినంక గూడ నా చెయ్యి జరసేపు వెచ్చగున్నది, దాంతోని కోపం సగం పాయె.

ఆ ఏడు ఎండలు ముదిరినప్పుడు ముందటి దినం పులుసు తిని నాకు కడుపునొప్పి లేసింది. మూడు దినాలు పనికి పోలే. డిస్పెన్సరీల తెల్ల మందు ఒక సీస ఇచ్చిన్రు, తాగిన, తగ్గింది. ఆ మూడు దినాలు నేను బతికున్ననా సచ్చిన్ననా అని తలుపు కొట్టినోళ్ళు లేరు. సత్యవేణమ్మ ఒక్కతే కిటికీ కాడికొచ్చి, నీళ్ళు వచ్చాయండీ అన్నది.

ఆదివారం ఆరాధనల సాక్ష్యాల సమయం అని ఒకటుంటది. ఆ వారంల దేవుడు మేలు చేసినోళ్ళు లేసి చెప్పాలె. మేలు పెద్దదైతే అయ్యగారు అక్కడికక్కడే వాళ్ళింట్ల కృతజ్ఞత కూడిక పెడ్తరు. దానికి వంతు లేదు, రూతమ్మ లిస్టు లేదు. ఇది నేను ముందే మనసుల పెట్టుకోని లేసిన్ననుకుంటరేమో. ఒట్టు, లేదు. నిజమే చెప్దామని లేసిన. దేవుడు నా కడుపునొప్పి తగ్గించిండు, స్తోత్రం అని చెప్పి కూసుందామని.

కడుపునొప్పి అన్న. ఒక్క తలకాయ తిరగలే. రూతమ్మ ఇసనకర్రతోని ఇసురుకుంటున్నది. ముందల పిల్లలు కొట్లాడుకుంటున్నరు. అయ్యగారు గడియారం సూసుకుంటున్నరు. నాకు ఒళ్ళు మండింది. మూడు దినాలు ఒక్కదాన్నే పండుకోని మూలిగిన మనిషిని నేను. కడుపుల గడ్డ ఉండె అన్న. రూతమ్మ ఇసనకర్ర ఆగింది. ఇగ నా నాలుక నా మాట వినలే. డాక్టరు కొయ్యాలె అన్నడు, నేను మూడు దినాలు తినక తాగక ప్రార్థన జేసిన, మల్ల పోతే గడ్డ లేదన్నడు అని చెప్పిన. చర్చి అంతా హల్లెలూయ అన్నది. ముందల కూసున్నోళ్ళు గూడ ఎనక్కి తిరిగి నన్ను సూసిన్రు. అయ్యగారు కండ్లు తుడుసుకోని, ఈ బుధారం పాపమ్మక్క ఇంట్ల కృతజ్ఞత కూడిక అన్నరు.

నేను కూసున్న. భయమా, సంబరమా అంటే, రెండు గూడ. సంబరమే జర ఎక్కువ.

బుధారం పని కాడ సగం పూట సెలవడిగి వచ్చిన. గోడలకు సున్నం కొట్టిన. సత్యవేణమ్మ కాడ రెండు చాపలు, పది గ్లాసులు అడుక్కొచ్చిన. శనగలు ఉడకబెట్టి గుడాలు చేసిన. ఐదింటికి ఒక్కరొక్కరే రావట్టిన్రు. పంతొమ్మిది మంది. అర్రల పట్టక గడప మీద ఇద్దరు, బయట నలుగురు. నా కొరకు మోకాళ్ళూనిన్రు. అయ్యగారు నా తల మీద చెయ్యి పెట్టి ప్రార్థన చేస్తుంటే, నాకు ఏడుపు ఆగలే. గడ్డ పోయిన సంతోషం అనుకున్నరందరు. రూతమ్మ నా వంట గిన్నెలు సూసి, ఎంత తెల్లగ తోముతవక్కా అన్నది. గడ్డ ఏ దిక్కుండె అని అడిగితే, ఎడమ దిక్కు అని చెప్పిన.

వాళ్ళు పోయినంక అర్రల మనుషుల వాసన. కొబ్బరి నూనె, చెమట, పిల్లల పాల వాసన. గుడాల తొక్కలు కింద పడి ఉన్నయ్. నేను ఊడవలే. రెండు దినాలు అట్లనే ఉంచిన. నవ్వున్రి, నవ్వితే నాకేంది.

మూడో దినం గ్రేస్ వచ్చింది.

గ్రేస్ చిల్కానగర్ల ఉంటది, ముప్పై ఐదేండ్లుంటయేమో. మొగడు సంజీవరావు మౌలాలి రైల్వే షెడ్డుల ఫిట్టర్. చర్చిల నాకు దూరంగ కూసునేది, అంతకుముందు మాట్లాడింది లేదు. ఆ దినం తలుపు కాడ నిలబడి, పెద్దమ్మా లోపలికి రావచ్చునా అన్నది. పెద్దమ్మా అని నన్ను పిలిచినోళ్ళు ఊరిడిసినంక ఎవరూ లేరు. వచ్చి చాప మీద కూసోని కొంగు నోటికడ్డం పెట్టుకోని ఏడ్చింది. ఆమెకు గడ్డ ఉన్నది. నిజం గడ్డ. కడుపుల, కుడి దిక్కు. నీకెట్ల పోయిందో చెప్పు పెద్దమ్మా, ఏమని ప్రార్థించినవో ఆ మాటలే నాకు నేర్పు అన్నది. నీకు ఏ దిక్కుండె అంటే, నాకు గూడ కుడి దిక్కే బిడ్డా అన్న.

అప్పుడే చెప్పాల్సింది. ఎవరన్న అదే అంటరు. కాని ఆమె నా చాప మీద కూసున్నది. రెండు కాళ్ళు ముడుసుకోని, తన సొంతింట్ల కూసున్నట్టు కూసున్నది. నాకు నోరు రాలే. దవాఖానాల ఏమన్నరు అని మాత్రం అడిగిన. మందులిస్తున్నరు అన్నది.

ఇగ ఆ దినం నుంచి రోజూ. నేను నాలుగింటికి సైరన్ కాంగనే పరుగు పరుగున వస్తుంటి. నడుము నొప్పి లేదు, మోకాళ్ళ నొప్పి లేదు, ఎక్కడికి పోయినయో. ఐదింటికి ఆమె వచ్చేది. ఆరున్నరకు సంజీవరావు డ్యూటీ నుంచి సైకిలేసుకోని వచ్చి తీసుకపోయేటోడు. ఆ గంటన్నర కొరకే నేను మిగిలిన దినమంతా బతికేది. బియ్యంల రాళ్ళు ఏరేటోళ్ళం. ఆమె నా తలకు నూనె పెట్టి దువ్వేది. తెల్లెంటికలు పీకుత అంటే, పీకితే ఇంకేం మిగుల్తది, గుండు తప్ప అంటుంటి. నవ్వేది. ఇంటి ముచ్చట్లు, అత్త ముచ్చట్లు, సంజీవరావు కూరల ఉప్పు ఎక్కువైతే మాట్లాడకుండ మజ్జిగ పోసుకునే ముచ్చట, అన్నీ చెప్పేది. నేను ఆశీర్వాదం ముచ్చట్లు చెప్తుంటి. ఆయన పేరు పదకొండేండ్లల్ల నా నోట్ల గన్నిపార్లు ఎన్నడూ రాలే. ఆదివారం వందనాలు చెప్పేటందుకు దగ్గుడు గూడ బందయింది.

పోయే ముందు మాత్రం ఒక పనుండేది. ఆమె చాప మీద ఎల్లెలకల పండుకుంటే నేను ఆమె కడుపు మీద అరచెయ్యి పెట్టి ప్రార్థన చేయాలె. గడ్డ నా చేతికి తగిలేది. మొదట్ల నిమ్మకాయంత. నేను కండ్లు మూసుకోని, దేవుడా నన్ను క్షమించు, ఈ పిల్లను బాగు చెయ్యి అనేదాన్ని. మొదటి మాట మనసుల, రెండో మాట పైకి. ఆమె ఆమెన్ అనేది. నెల దాటేసరికి అది నారింజకాయంత అయింది. నా చేతికి తెలుస్తున్నది. తగ్గినట్టున్నది గదా పెద్దమ్మా అనేది ఆమె. నేను చెయ్యిచ్చి ఆమెను లేపుతుంటి.

ఒకనాడు జడ అల్లుతూ మెల్లగ చెప్పింది. పెద్ద దవాఖానాల ఆపరేషన్కు తారీఖిచ్చిన్రట. ఆ తారీఖు పోయిన మంగళారమేనట. పోలేదట. వాళ్ళమ్మ గట్లనే ఆపరేషన్ బల్ల మీద పండుకోని మల్ల లేవలేదు, ఆ భయం ఆమెకు సిన్నప్పటి నుంచి ఉన్నది. నీకు కత్తి లేకుండ పోయింది, నాకు గూడ పోతది, నీ విశ్వాసమే నాది అన్నది. సంజీవరావుకు తెల్వదా అంటే, తెలుసు, రోజూ కొట్లాడుతున్నడు, నేను పాపమ్మ పెద్దమ్మను సూడు అంటున్న అన్నది.

అయినా చెప్పలే. ఆ దినం చెప్పలే, తెల్లారి చెప్పలే, ఆ తెల్లారి చెప్పలే. మూడు దినాలు. ఎందుకంటే నోరు తెరిస్తే ఆమె మల్ల రాదు, నాకు తెలుసు. ఐదు గంటలైతది, తలుపు కాడ ఎవరుండరు. ఆమె ప్రాణం ఒక దిక్కు, ఆ గంటన్నర ఒక దిక్కు పెట్టుకోని మూడు దినాలు కూసున్న. దొంగ సాక్ష్యం అంటరు గదా అందరు. అది కాదు నా పాపం. ఆ మూడు దినాలు నా పాపం.

నాలుగో దినం ఆమె నల్లా కాడ బిందె పట్టబోయి కూలబడ్డది. చీర తడిసింది, నీళ్ళతోని కాదు, నెత్తురుతోని. సత్యవేణమ్మ, నేను లోపలికి తెచ్చి పండుకోబెట్టినం. మొఖం పసుపు పచ్చగ అయింది. సత్యవేణమ్మ పోయినంక తలుపు దగ్గరేసి, ఆమె పక్కన కూసోని చెప్పిన. గ్రేసూ, నాకు గడ్డ లేదు. ఎన్నడూ లేదు. పులుసు తిని కడుపు నొచ్చింది, మందు తాగితే పోయింది. నేను అబద్ధం చెప్పిన. నువ్వు దవాఖానాకు పో.

ఆమె నవ్వింది. నా గడ్డం పట్టుకోని, నన్ను పరీక్ష చేస్తున్నవా పెద్దమ్మా అన్నది. పరీక్ష కాదే, నిజం అన్న. సంజీవరావు చెప్పమన్నడా అన్నది. ఆశీర్వాదం మీద ఒట్టేసిన. ఒట్టేయొద్దు, విశ్వాసులు ఒట్టేయరు అన్నది. నేను కూలబడుడు సూసి నీకు భయమైంది, భయం దేవుడిచ్చేది కాదు అని నాకే వాక్యం చెప్పింది. నెత్తి కొట్టుకున్న. ఒక అబద్ధాన్ని గింత నమ్మిన మనిషి నిజాన్ని మాత్రం నమ్మలే.

ఆరున్నరకు సంజీవరావు వస్తే సైకిల్ కాడనే ఆపి అంతా చెప్పిన. కొడ్తడనుకున్న, కొట్టలే. హ్యాండిల్ పట్టుకోని నేల సూసుకుంట నిలబడ్డడు. నా మాట వినేదుంటే ఎన్నడో పోతుండె పెద్దమ్మా, ఆమె వినేది ఒక్క నీ మాటే అన్నడు. తెల్లారి అయ్యగారింటికి పోయి చెప్పిన. ఆ సాక్ష్యం విని ఎంతమంది బలపడ్డరో నీకు తెల్వదక్కా, తొందరపడొద్దు, ఈ వారమంతా దీని గురించి ప్రార్థన చేద్దాం అన్నరు. ప్రార్థన మంచిదే. కాని నా అరచేతికి తెలుసు, అన్ని వారాలు లేవు.

ఆదివారం సాక్ష్యాల సమయం రాంగనే అయ్యగారు పిలువకముందే లేసిన. ఆయన నా దిక్కు సూసి తలకాయ అడ్డంగ ఊపిన్రు. కూసో అని. నేను కూసోలే.

పోయిన దినాలల్ల నాకు గడ్డ పోయిందని చెప్పిన, అది అబద్ధం అన్న. ఇసనకర్రలన్ని ఆగినయ్. గ్రేస్ ముందటి వరసల కూసున్నది, ఎనక్కి తిరిగి నా దిక్కు జాలిగ సూసింది, పాపం పెద్దమ్మకు ఏమైంది అన్నట్టు. అప్పుడు రూతమ్మను లేపిన. నా గడ్డ ఏ దిక్కుండె అని నీకు చెప్పిన్నో చెప్పు అన్న. ఎడమ దిక్కు అన్నవు అన్నది రూతమ్మ. గ్రేసూ, నీకేమని చెప్పిన అన్న. ఆమె మొఖంల జాలి పోతున్నది, నాకు కనబడుతున్నది. కడుపునొప్పికి తాగిన తెల్ల మందు సీస పారేయలే, ఇంట్ల ఉన్నది, కావాలంటే తెస్త అన్న.

అయ్యగారు అడిగిన్రు, మెల్లగనే అడిగిన్రు, మరెందుకు చెప్పినవక్కా అని.

"మీరు మా ఇంటికి వస్తరని చెప్పిన. ఇంకేం లేదు. ఏడేండ్ల సంది మీ అందరి ఇండ్లల్ల కూసున్న. నా ఇంట్ల గూడ ఎవరన్న కూసోవాలె అనిపించింది."

గ్రేస్ లేసింది. నా పక్కనుంచే పోవాలె తలుపుకు. నా కాడికొచ్చి ఆగింది. నా చెయ్యి పట్టుకుంటదనుకున్న, నిజంగ అనుకున్న, పిచ్చిదాన్ని.

"నేను వచ్చుడు మాన్తనని గదా గిన్ని దినాలు చెప్పలే" అన్నది.

అవును బిడ్డా అన్న. ఆమె పోయింది. సంజీవరావు చెప్పులు గూడ సరిగ ఏసుకోకుండ ఎనుకనే ఉరికిండు. సోమారం పొద్దుగాల ఆమెను దవాఖానాల షరీక్ చేసిండని, మంచమిచ్చిన్రని పని కాడ తెలిసింది. బుధారం ఆపరేషన్ అన్నరు. పోవాలనిపించింది. ఏ మొఖం పెట్టుకోని పోవాలె. ఐదింటికి తలుపు తెరిచి పెట్టుకోని కూసునుడు అలవాటైంది గదా, సోమారం గట్లనే కూసున్న, మంగళారం గట్లనే కూసున్న. సత్యవేణమ్మ వచ్చి, ఆ అమ్మాయి రాలేదాండీ అని అడిగింది. నల్లా కాకుండ ఇంకో ముచ్చట అడుగుడు అదే మొదలు. రాదమ్మా అన్న.

బుధారం నాలుగున్నరకు రూతమ్మ వచ్చింది. సాయంత్రం సంఘమంతా మీ ఇంటికొస్తున్నది, జర ఊడిసి పెట్టు అన్నది. నాకు అర్థం కాలే. మా దగ్గర ఒకటున్నది. సంఘంల ఎవరన్న తప్పు జేస్తే పెద్దలు ఆ మనిషి ఇంటికి పోయి, ఆమె మారుమనసు కొరకు ప్రార్థన చేస్తరు. అది ఆ బుధారం నా ఇంట్ల పెట్టిన్రు.

ఉరికిన. సత్యవేణమ్మ కాడ చాపలు తెచ్చిన, గ్లాసులు తెచ్చిన. ఏమని తెస్తున్నవు అని నన్ను నేనే తిట్టుకుంట చాయ్ పెట్టిన. వచ్చిన్రు. పోయినపారి పంతొమ్మిది మంది, ఈపారి ముప్పైకి ఒకరు తక్కువ. సత్యవేణమ్మ వాకిలి గూడ నిండింది. ఎన్నడూ రానోళ్ళు గూడ వచ్చిన్రు. పాపం అంటే అందరికి ఆత్రమే. చాపల మీద కూసున్నరు గాని, నా కండ్లల్లకు ఎవరు సూడలే. పాట పాడిన్రు. అయ్యగారు ప్రార్థన చేసిన్రు, నా తల మీద చెయ్యి పెట్టలే. మూడు నెలలు ప్రభువు బల్ల రొట్టె, రసం ముట్టొద్దన్నరు. సరే అన్న. చాయ్ గ్లాసులు ముందర పెట్టిన, ఉన్న పది గ్లాసులు పెద్దలకు. ఎవరు ముట్టలే. గ్లాసుల మీద మీగడ కట్టవట్టింది. నా అర్ర నిండ మనుషులున్నరు, నాకు మాత్రం ఆశీర్వాదాన్ని బొందపెట్టి ఇంటికొచ్చిన దినం కంటే ఎక్కువ ఒక్కదాన్నే అనిపించింది.

వాళ్ళు లేస్తుండంగ సంజీవరావు వచ్చిండు. దవాఖానా నుంచి సీదా బస్సు దిగి వచ్చినట్టున్నడు, గడ్డం గీయలే, చొక్కా నలిగున్నది. అయ్యగారిని వెతుక్కుంట వచ్చిండు, ఈడున్నరని ఎవరో చెప్పిన్రట. పొద్దుగాల ఆపరేషన్ అయింది, గడ్డ తీసేసిన్రు, ఇంకో నెలాగితే మా చేతుల లేకపోవు అని డాక్టరు అన్నడు, పానానికి ఫికర్ లేదు అన్నడు. అందరు స్తోత్రం అన్నరు. నేను పొయ్యి కాడ నిలబడి గోడ దిక్కు తిరిగిన. అయ్యగారు, గ్రేసమ్మ ఇంటికి రాంగనే మీ ఇంట్ల కృతజ్ఞత కూడిక అన్నరు. అందరు ఆయన సుట్టు ముట్టిన్రు, గదే ముచ్చటతోని ఒకరెనుక ఒకరు బయటికి పోయిన్రు.

సంజీవరావు తలుపు కాడ ఆగిండు. నన్ను సూస్తున్నడు. పోతలేడు.

ఆమె ఏమన్న అన్నదా అని అడిగిన. గొంతు పూడుకపోయింది, దగ్గి మల్ల అడిగిన.

"చెప్పమంటవా పెద్దమ్మా" అన్నడు.

చెప్పు అన్న.

"మత్తు దిగి కండ్లు తెరువంగనే నిన్నే తిట్టింది. నీళ్ళడగలే, నన్నడగలే. నిన్నే తిట్టింది."

"పేరు పెట్టి తిట్టిందా?"

"పేరు పెట్టే. పాపమ్మ, పాపమ్మ అని. పక్క మంచాలోళ్ళు లేసి సూసిన్రు."

నేను ఏడుస్తననుకున్నడేమో, దగ్గరికొచ్చిండు. ఈ లోకంల పొద్దుగాల కండ్లు తెరువంగనే నా పేరు తలిచే మనిషి పదకొండేండ్ల సంది లేడు. గంత నొప్పిల, గంత మత్తుల, ఆమెకు యాదికొచ్చింది నేను.

"ఇంకోపారి చెప్పు బిడ్డా" అన్న.